గోళ్లంటే హడలే కుక్కకు ఏది నప్పుతుంది: కట్టరా, గ్రైండరా, గరుకు పలకా, డాక్టరా?

కుక్క గోళ్ల గురించి ఎవరినైనా సలహా అడిగి చూడండి. మొదట వచ్చేది ఒక వస్తువు పేరు. "గోళ్లను అరగదీసే గ్రైండర్ కొనండి, నరం తెగే బాధ ఉండదు" అని ఒకరంటారు. "అదంతా ఎందుకండీ, మంచి కట్టర్ చాలు" అని ఇంకొకరు. కొన్న వారానికే ఆ డబ్బా అల్మరా పైకి చేరుతుంది. డబ్బా తీసిన చప్పుడైతే చాలు, కుక్క మంచం కిందికి చేరుతుంది. వస్తువులో లోపమేమీ లేదు. కాలు ముట్టుకుంటేనే ఒప్పుకోని కుక్కకు ఎంత మెల్లగా తిరిగే గ్రైండర్ తెచ్చినా ఒకటే. మోటారు మోతకు బెదిరే కుక్కకు ఎంత ఖరీదైన గ్రైండర్ తెచ్చినా డబ్బు దండగే.

అందుకే ఈ పోలికలో ముందు భయం సంగతి, ఆ తర్వాతే పనిముట్టు సంగతి.

భయం ఎక్కడుందో ముందు చూడండి

కుక్క తిని, తిరిగొచ్చి, మెలకువగానే తీరిగ్గా పడుకున్న వేళ చూసుకుని పక్కన కూర్చోండి. చేతిలో ఏమీ ఉండకూడదు. భుజం నుంచి కిందికి నెమ్మదిగా నిమురుతూ రండి. మోచేయి దాటగానే కాలు లాక్కుంటే దాని భయం తాకడం దగ్గరే ఉంది. నాలుగు కాళ్లూ పట్టుకోనిచ్చి, కట్టర్ కంటబడగానే లేచిపోతే ఎప్పుడో గోరు లోతుగా తెగిన జ్ఞాపకం ఉందన్నమాట. కట్టర్‌ను వాసన చూసి ఊరుకుని, 'టిక్'మన్న చప్పుడుకు ఉలిక్కిపడితే శబ్దమే సమస్య. దీపావళి రాత్రి బాత్రూంలో దూరే కుక్కలు ఎక్కువగా ఈ కోవలోవి. ఇవేవీ కాక, "నువ్వు తల పట్టుకో, నేను కాలు పట్టుకుంటా" అని ఇద్దరు దిగగానే పెనుగులాట మొదలైతే దాని గొడవ గోళ్లతో కాదు, కదలనివ్వకుండా పట్టేయడంతో. ఇంట్లో అన్నీ చేయించుకుని క్లినిక్ మెట్ల దగ్గరే వణికే కుక్కలూ ఉన్నాయి. వాటిది చోటు మీద భయం.

ఒక్క కాలి దగ్గరే, లేదా ఒక్క వేలి దగ్గరే లాక్కుంటోందా? అది భయం కాకపోవచ్చు, నొప్పి కావచ్చు. మన వాతావరణంలో వేళ్ల సందుల్లో పిడుదులు దూరడం మామూలే. కొన్ని ప్రాంతాల్లో వాటినే గోమార్లంటారు. కురుపు, చీలిన గోరు, గుచ్చుకున్న ముల్లు కూడా కారణాలే. ముసలి కుక్కలకు కీళ్ల నొప్పులుంటే కాలు పైకెత్తి పక్కకు తిప్పడమే బాధ. మనం గోరు కోసం ఎత్తుతాం, అది తుంటి నొప్పికి అరుస్తుంది. అలాంటప్పుడు ముందు డాక్టరు, తర్వాతే శిక్షణ.

కుక్క ఒప్పుకుంటోందా, ఓర్చుకుంటోందా అన్న తేడా కూడా కనిపెట్టాలి. నిద్ర రాకున్నా ఆవలించడం, ఏమీ తినకుండానే మూతి నాక్కోవడం, తల పక్కకు తిప్పి కంటి తెల్లగుడ్డు కనిపించేలా చూడడం, ఫ్యాన్ కింద ఉండీ రొప్పడం, కొయ్యలా బిగుసుకుపోవడం, ఇవన్నీ 'వద్దు' అనడమే. కదలకుండా పడి ఉంది కదా అని చాలామంది దాన్ని బుద్ధిమంతురాలనుకుంటారు. బిగుసుకుపోయిన కుక్క ప్రశాంతంగా ఉన్నట్టు కాదు. ఇక గుర్రుమనడం గురించి ఒక్క మాట: గుర్రుమన్నందుకు కొట్టకండి, గదమకండి. అది కరిచే ముందు చేసే హెచ్చరిక. దాని నోరు నొక్కేస్తే రేపు హెచ్చరిక లేకుండానే కరుస్తుంది.

పద్దెనిమిది గోళ్ల లెక్క

ముందు కాళ్లకు ఐదేసి, వెనక కాళ్లకు నాలుగేసి. మామూలుగా కుక్కకు 18 గోళ్లు. కొన్నిటికి వెనక కాళ్లకూ పక్క గోరు ఉంటుంది, కొన్నిటికి ముందు పక్క గోళ్లను చిన్నప్పుడే తీసేసి ఉంటారు. ఈ పక్క గోరు, అంటే డ్యూక్లా, మన బొటనవేలి చోట కాస్త పైన ఉంటుంది. నేలకు తగలదు కాబట్టి అరగదు. వదిలేస్తే గుండ్రంగా తిరిగి చర్మంలోకి గుచ్చుకుంటుంది. బొచ్చులో దాగి ఉంటుంది కాబట్టి పామరేనియన్, షీట్జూ ఇళ్లలో దీన్ని మరిచిపోయేవాళ్లే ఎక్కువ.

ఇప్పుడు లెక్క చూడండి. గోళ్లు సాధారణంగా మూడు, నాలుగు వారాలకోసారి తీయాల్సి వస్తుంది. రోజుకు ఒక్క గోరు తీస్తే 18 రోజుల్లో చుట్టు పూర్తవుతుంది, మళ్లీ మొదటి గోటికి వేళవుతుంది. అంటే రోజుకు ఒక గోరు అన్నది చేతకాక పెట్టుకున్న సర్దుబాటు కాదు, పూర్తి స్థాయి పద్ధతే. ఆదివారం ఒక్క దెబ్బకు పద్దెనిమిదీ అయిపోవాలన్న పంతమే సగం ఇళ్లలో కుక్కను పాడుచేస్తోంది.

గోరు లోపల రక్తనాళం, నరం కలిసి ఉండే భాగాన్ని క్విక్ అంటారు. తెల్ల గోళ్లలో అది గులాబీ రంగులో బయటికే కనిపిస్తుంది. నల్ల గోళ్లలో కనిపించదు. అందుకని కొనను పలుచటి చెక్కుల్లా కొద్దికొద్దిగా తీస్తూ, ప్రతిసారీ తెగిన అంచును ఎదురుగా చూడాలి. మొదట పొడిపొడిగా తెల్లగా ఉంటుంది. మధ్యలో నల్లటి చుక్కలాంటిది కనబడగానే ఆపేయాలి. గోళ్లు బాగా పెరిగిపోతే క్విక్ కూడా వాటితోపాటు ముందుకు సాగుతుంది. ఒకేసారి పొట్టిగా చేయబోతే నెత్తురే. తరచుగా కొంచెం కొంచెం తీస్తూ పోతే అది నెమ్మదిగా వెనక్కి తగ్గుతుంది. రోజుకొక గోరు పద్ధతికి ఇది రెండో లాభం.

కట్టర్లు: కత్తెర రకం, గిలటిన్ రకం

రెండిట్లో ఎంచుకోవాలంటే నేను కత్తెర రకాన్నే చెబుతాను. తోటపని కత్తెరలా రెండు అంచులు కలిసి కోస్తాయి. ఎక్కడ కోస్తున్నామో పక్కనుంచి కనిపిస్తుంది, లాబ్రడార్, రాట్‌వీలర్ లాంటి మందపాటి గోళ్లకూ పనికొస్తుంది. గిలటిన్ రకంలో గోటిని రంధ్రంలో దూర్చి నొక్కాలి. చిన్న కుక్కల పలుచటి గోళ్లకు బాగుంటుంది, కానీ కాలు కాస్త కదిలినా గురి తప్పుతుంది. బ్లేడు మొండిబారితే కోయడం మాని నలుపుతుంది. వంకర తిరిగిన పక్క గోరు ఆ రంధ్రంలోకి సరిగా పట్టదు కూడా. బెదురు కుక్క కాలు కదపకుండా ఉంటుందని ఎవరూ హామీ ఇవ్వలేరు కాబట్టి గిలటిన్ పక్కన పెట్టడమే మేలు.

కట్టర్ల గొప్పదనం వేగం. గోటికి ఒక్క క్షణం. చప్పుడు చిన్నది, అదురు లేదు. లోపం తెలిసిందే, పొరపాటైతే క్విక్ తెగుతుంది. కొన్ని కట్టర్లకు ఉండే గార్డు పలకను నమ్ముకోకండి. అది అన్ని గోళ్లకూ ఒకే కొలత చూపిస్తుంది, మీ కుక్క క్విక్ ఎక్కడుందో దానికేం తెలుసు?

ఇంకో సంగతి చాలామంది పట్టించుకోరు. మొండి కట్టర్ నొప్పి పెడుతుంది, గోరు తెగేలోపు లోపలి భాగాన్ని ఒత్తేస్తుంది. నెత్తురు రాకపోయినా కుక్క కాలు లాక్కుంటే ముందు అనుమానించాల్సింది అంచునే. మనుషుల నెయిల్ కట్టర్ పాల పళ్ల వయసు కుక్కపిల్లలకైతే సరే, పెద్ద కుక్కల గుండ్రటి గోళ్లను అది అడ్డంగా చిదుముతుంది.

కట్టర్ పెట్టెలోనే నెత్తురు ఆపే స్టిప్టిక్ పౌడర్ ఉంచుకోండి. అది లేకపోతే కార్న్‌ఫ్లోర్ గానీ మైదా గానీ గోటి కొనకు అద్ది, శుభ్రమైన గుడ్డతో రెండు మూడు నిమిషాలు వదలకుండా నొక్కి పట్టాలి. పటిక కూడా పనిచేస్తుంది, కాకపోతే మంట పుడుతుంది, అసలే బెదురు కుక్క. మధ్యమధ్యలో ఎత్తి చూస్తూ ఉంటే గడ్డకట్టిన నెత్తురు మళ్లీ ఊడొస్తుంది. ఇరవై నిమిషాలైనా ఆగకపోతే డాక్టరు దగ్గరికి వెళ్లాల్సిందే. పిడుదుల వల్ల వచ్చే ఎర్లీకియా జ్వరంలో ప్లేట్‌లెట్లు పడిపోతాయి. చిన్న గాయానికే నెత్తురు ఆగకుండా కారడం దానికి ఒక గుర్తు కావచ్చు. ఆ రోజు గోటి సంగతి వదిలేసి రక్తపరీక్ష అడగండి.

గ్రైండర్: పేరు ఎక్కువ, పని అందరికీ కాదు

గ్రైండర్‌తో క్విక్ తెగే ప్రమాదం తక్కువ, అంచులు నున్నగా వస్తాయి, నల్ల గోళ్ల యజమానికి ధైర్యం. ఇవి నిజాలే. కానీ ఇందులో ధైర్యమంతా యజమానిది, కుక్కది కాదు. కుక్క వైపు నుంచి చూస్తే ఇది మోత, అదురు, కొమ్ము కాలిన వాసన, పైగా కట్టర్‌తో క్షణంలో అయ్యే పని ఇక్కడ చాలాసేపు పడుతుంది. బెదురు కుక్కకు కావాల్సింది త్వరగా అయిపోవడం. అందుకే గ్రైండర్‌ను అందరికీ చెప్పే సలహాగా నేను ఒప్పుకోను.

అది నప్పే కుక్క ఒకటుంది. హెయిర్ డ్రయ్యర్‌కు, మిక్సీ మోతకు చెవి కూడా కదపని కుక్క, కాలు పట్టుకోనిచ్చే కుక్క, కానీ గతంలో గోరు తెగి కట్టర్ అంటేనే వణికిపోయే కుక్క. దానికి గ్రైండర్ కొత్త వస్తువు, చెడ్డ జ్ఞాపకం అంటుకోని వస్తువు. అక్కడ మాత్రం డబ్బు పెట్టండి.

కొంటే తక్కువ వేగంలో నడపండి. ఒకే చోట రెండు మూడు క్షణాలకు మించి ఆన్చకండి, వేడెక్కి మంట పుడుతుంది. గోల్డెన్, షీట్జూ లాంటి బొచ్చు కుక్కలకు వెంట్రుకలు తిరిగే కడ్డీకి చుట్టుకుంటాయి. పాత పల్చటి సాక్స్ తొడిగి గోళ్లు మాత్రమే బయటికి వచ్చేలా చేస్తే ఆ బెడద తప్పుతుంది. మన జుట్టు, చున్నీ కొస కూడా దూరంగా ఉంచుకోవాలి. పొడి లేస్తుంది, మూతికి మాస్కు పెట్టుకుని బాల్కనీలో చేసుకోండి. చప్పుడు చేయవని అమ్మే చిన్న ఛార్జింగ్ గ్రైండర్లు పగ్‌కు సరిపోతాయి. లాబ్రడార్ గోటికి ఆన్చితే మధ్యలోనే నిలబడిపోయేవీ వాటిలో ఉన్నాయి.

గరుకు పలక: అందరూ వదిలేసే మంచి దారి

నాకు అన్నిటికన్నా నచ్చినది ఇదే, ఖర్చు కూడా దీనికే తక్కువ. మీ కుక్క ముందు కాళ్లు రెండూ పట్టేంత వెడల్పున్న చెక్క పలక తీసుకుని, హార్డ్‌వేర్ షాపులో దొరికే గరుకు కాగితం దానికి అంటించండి. పెద్ద కుక్కకు 80 నంబరు, చిన్న కుక్కకు 120 నంబరు సరిపోతుంది. పలకను ఏటవాలుగా పట్టుకుంటే కుక్క తనంతట తాను గీకి గోళ్లు అరగదీసుకుంటుంది. ఎవరూ కాలు పట్టుకోరు, ఎవరూ తల నొక్కరు. ఇష్టం లేకపోతే అది వెళ్లిపోవచ్చు. తాకితేనే ఒప్పుకోని కుక్కకు, పట్టుకుంటే పెనుగులాడే కుక్కకు ఇంతకన్నా న్యాయమైన పనిముట్టు లేదు.

నేర్పడం తేలిక. ఉడికించిన కోడి ముక్క పలక కింద పెట్టి కనిపించనివ్వండి. మొదట మూతితో నెడుతుంది, తర్వాత కాలితో గీకుతుంది. గోరు గరుకుకు తగిలిన క్షణంలో 'శభాష్' అని ముక్క ఇవ్వండి. నాలుగైదు గీకుళ్లతో ఆ రోజుకు చాలు. షేక్ హ్యాండ్ తెలిసిన కుక్కలైతే ఇంకా త్వరగా పట్టేస్తాయి. ఆ చెయ్యే పలక మీదికి మళ్లించాలి, అంతే.

ఇది తీర్చలేనివీ ఉన్నాయి. మధ్య రెండు గోళ్లు బాగా అరుగుతాయి, పక్కవి అంతగా అరగవు. పలకను కొంచెం పక్కకు వంచి పడితే కొంత మేలు. డ్యూక్లాకు గరుకు అసలు అందదు. వెనక కాళ్లతో గీకడం నేర్పడానికి ఓపిక ఎక్కువ కావాలి. మూత్రం పోసి వెనక్కి మట్టి గీకే అలవాటున్న మగ కుక్కలు మాత్రం ఇట్టే నేర్చుకుంటాయి. అరికాలి మెత్తలు గరుక్కి రాసుకుంటున్నాయేమో రోజూ చూడాలి. ఉత్సాహం ఎక్కువైన కుక్క గీకి గీకి పుండు చేసుకోగలదు.

రోడ్డు మీద నడిపిస్తే గోళ్లు వాటంతటవే అరుగుతాయి కదా అంటారు. వీధిలో తిరిగే కుక్కలకు అరుగుతున్న మాట నిజం. విట్రిఫైడ్ టైల్స్ మీద బతికే ఫ్లాట్ కుక్కకు పొద్దున ఇరవై నిమిషాల నడక సరిపోదు. పైగా ఎండాకాలంలో తారు రోడ్డు మెత్తలను కాల్చేస్తుంది. అరచేతి వెనక భాగం ఏడు క్షణాలు ఆన్చి ఉంచలేకపోతే కుక్కనూ నడిపించకూడదు. నడక నడకే, గోళ్ల పని గోళ్ల పనే. చేత్తో రాసే ఆకురాయి అంటారా, చిన్న కుక్కల గోటి అంచులు నున్నగా చేయడానికి పనికొస్తుంది, అంతకుమించి ఆశ పెట్టుకోకండి.

ఏమార్చి చేయడమా, అలవాటు చేయడమా, అడిగి చేయడమా

పనిముట్టు ఏదైనా దాన్ని కుక్క దగ్గరికి తీసుకెళ్లే దారులు మూడు. ఎక్కువ మంది మొదటిదాన్నే చేస్తారు. లిక్ మ్యాట్ మీద, అంటే తిండి పూసి నాకించే గరుకు పలక మీద, పెరుగో పీనట్ బటరో రాసి, అది నాకుతుండగా గబగబా గోళ్లు తీసేయడం. బెదురు కొద్దిగా ఉన్న కుక్కకు ఇది చాలు, తప్పేమీ లేదు. కానీ భయం లోతుగా ఉన్న కుక్క దగ్గర ఇది ఎదురుతిరుగుతుంది. తిండి కనిపించిన ప్రతిసారీ గోరు నొప్పి పుడితే అది ఆ పెరుగునే అనుమానిస్తుంది. లిక్ మ్యాట్ తీయగానే మంచం కిందికి పోయే కుక్కలు ఇలా తయారైనవే. పీనట్ బటర్ డబ్బా మీద జైలిటాల్ అనే తీపి పదార్థం పేరు ఉందేమో తప్పకుండా చూడండి. అది కుక్కలకు విషం.

రెండోది అలవాటు చేయడం. ఇందులో కీలకం వరస. ముందు భయపెట్టే వస్తువు, వెంటనే తిండి. కుక్కల మీద రష్యన్ శాస్త్రవేత్త పావ్లోవ్ చేసిన ప్రయోగాల్లో ఉన్న వరసే ఇది, ముందు సంకేతం, ఆ వెనకే మేత. తిండి ముందు చూపించి ఆ తర్వాత కట్టర్ తీస్తే అది లంచం, కుక్కకు తెలిసిపోతుంది. భుజం ముట్టుకుని ముక్క. మోచేయి ముట్టుకుని ముక్క. పంజా ఒక్క క్షణం పట్టి ముక్క. కట్టర్ నేల మీద పెట్టి, అది చూడగానే ముక్క. ఖాళీగా 'టిక్'మనిపించి ముక్క. ఉడకని మాకరోనీ ఒకటి పంజా పక్కన పెట్టి కట్ చేస్తే గోరు తెగినట్టే చప్పుడు వస్తుంది, కుక్కకు నొప్పి ఉండదు. శబ్దానికి బెదిరే కుక్కకు ఇది మంచి మెట్టు. ఆ తర్వాతే అసలు గోటి కొన, అదీ పిసరంత. ఒక మెట్టు మీద కుక్క తనే సంతోషంగా మీ చేతి వంక చూసేదాకా పై మెట్టు ఎక్కకూడదు. పూటకు రెండు నిమిషాలు దాటించకండి.

ముక్క కూడా మామూలు బిస్కెట్ అయితే లాభం లేదు. ఉప్పూ కారం లేకుండా ఉడికించిన కోడి, లివర్, గుడ్డు, శాకాహారుల ఇళ్లలో పనీర్, ఇలాంటి ఘనమైనవే వాడాలి, అవి గోళ్ల వేళకు తప్ప ఇంకెప్పుడూ దొరకకూడదు. కూరలో కోడి ముక్క కడిగి ఇస్తే సరిపోతుందనుకోకండి. అందులో ఉల్లి ఉంటుంది, ఉల్లి కుక్కలకు చేటు.

మూడోది కుక్కను అడిగి చేయడం. బ్రిటన్‌లో పనిచేసే శిక్షకుడు చిరాగ్ పటేల్ రూపొందించిన బకెట్ గేమ్ ఇందులో బాగా తెలిసినది. ట్రీట్లున్న చిన్న గిన్నె కుక్క ఎదుట పెడతారు. అది గిన్నె వంక చూస్తున్నంతసేపూ మీరు పని చేయవచ్చు. చూపు తిప్పుకుందా, తక్షణం చెయ్యి తీసేయాలి. 'ఆపు' అంటే ఆపుతారన్న నమ్మకం కుదిరాక కుక్క తక్కువసార్లు ఆపుతుంది. వినడానికి వింతగా ఉంటుంది గానీ, పట్టుకుంటే పెనుగులాడే కుక్కలకు ఇదే సరైన మందు. కాకపోతే నెలలు పట్టవచ్చు, ఇంట్లో అందరూ ఒకే మాట మీద ఉండాలి. అమ్మ ఆపితే, నాన్న బలవంతంగా కానిచ్చేస్తే ఆట చెడిపోతుంది.

నెలలు పడితే ఈలోగా గోళ్లు పెరగవా? పెరుగుతాయి. అందుకే శిక్షణనూ అవసరాన్నీ వేరుగా ఉంచాలి. ఇంట్లో కట్టర్‌తో అలవాటు చేస్తున్నారంటే, ఈలోగా తీయక తప్పని గోళ్లను వేరే చోట, వేరే మనిషి, వేరే పనిముట్టుతో తీయాలి. ముందు కాళ్లు గరుకు పలక చూసుకుంటుంది, వెనక కాళ్లూ డ్యూక్లాలూ క్లినిక్‌లో. ఇంటి కట్టర్‌కు మాత్రం చెడ్డపేరు రాకూడదు.

దుప్పటి చుట్టి, నలుగురు పట్టి కానిచ్చే పద్ధతిని పోలికలోకి తీసుకోలేదు. ఆ పూటకు పని అవుతుంది. వచ్చే నెలకు అయిదో మనిషి కావాలి.

గ్రూమర్, క్లినిక్, మాత్ర

గ్రూమర్ దగ్గరికి పంపడం తప్పు కాదు. అలవాటున్న చెయ్యి త్వరగా, సరిగ్గా కోస్తుంది. హైదరాబాద్, విశాఖ లాంటి చోట్ల ఇంటికే వచ్చే వ్యాన్లు కూడా ఉన్నాయి, చోటు మీద భయమున్న కుక్కకు అవి కలిసొస్తాయి. పంపే ముందు రెండు ప్రశ్నలు అడగండి. మధ్యలో ఆపమంటే ఆపుతారా? నేను పక్కనే ఉండవచ్చా? "మీరుంటే మారాం చేస్తుంది, బయట కూర్చోండి" అని తలుపు వేసేసే చోటైతే బెదురు కుక్కను అప్పగించకండి. స్నానం, హెయిర్ కట్, చెవులు, గోళ్లు అన్నీ కలిపి ప్యాకేజీ తీసుకోవడం కూడా దానికి మోయలేని బరువు. గోళ్లకు మాత్రమే వెళ్లండి, అదీ నాలుగు గోళ్లయినా చాలనుకుని.

క్లినిక్‌కు వెళితే రద్దీ లేని వేళ అడగండి, వంతు వచ్చేదాకా బయటే తిప్పండి. కరిచే భయం ఉంటే మూతికి తొడిగే బుట్ట ఆకారపు మజిల్ కొని ఇంట్లోనే ముందుగా అలవాటు చేయండి. అందులో నోరు తెరిచి రొప్పవచ్చు, ట్రీటు కూడా అందుకోవచ్చు. మూతిని బిగించి కట్టే గుడ్డ మజిల్‌తో రొప్పడానికి వీలుండదు, మన ఎండల్లో అది ప్రమాదం. ఎంత జాగ్రత్తపడ్డా పన్ను దిగితే, మీ సొంత కుక్కే అయినా, టీకాలు వేయించి ఉన్నా, గాయాన్ని సబ్బుతో పారే నీటి కింద 15 నిమిషాలు కడిగి డాక్టరుకు చూపించుకోవాలి.

మందుల మాట ఎత్తితే చాలామంది ముఖం చిట్లిస్తారు. "గోళ్లకు మత్తా?" అంటారు. భయం తీవ్రంగా ఉన్న కుక్కకు అదే దయగల దారి. డాక్టరు రాసిస్తే గాబాపెంటిన్, ట్రజోడోన్ లాంటివి ఇంటి దగ్గరే వేసి తీసుకెళ్లవచ్చు. కుక్క పూర్తిగా నిద్రపోదు, బెదురు తగ్గుతుంది. ముందొక ఖాళీ రోజున ఆ మోతాదు వేసి ఎలా ఉంటుందో చూడమని డాక్టర్లు చెప్పడం మామూలే. ఇంట్లో మనుషులకున్న మాత్ర విరిచి వేయడం మాత్రం వద్దు. మనుషుల సిరప్‌లలో కొన్నిటికి తీపి కోసం జైలిటాల్ కలుపుతారు. ఏస్‌ప్రోమజీన్ అనే మత్తుమందు ఒక్కటే ఇస్తామంటే ఇంకేమైనా ఉందా అని అడగండి. అది ఒంటిని మందగింపజేస్తుంది గానీ లోపలి భయాన్ని తగ్గించదు, శబ్దాలకు ఉలికిపాటు పెరగనూ వచ్చు.

సూదితో మత్తిచ్చి తీయడం ఆఖరి మెట్టు. పగ్, బుల్‌డాగ్ లాంటి చప్పిడి ముక్కు కుక్కలకు, ముసలివాటికి జాగ్రత్తలు ఎక్కువ, రక్తపరీక్ష అడగవచ్చు. ఊళ్లో ఆ సౌకర్యం లేకపోతే తిరుపతి, గన్నవరం, రాజేంద్రనగర్ వెటర్నరీ కాలేజీల ఆసుపత్రులు ఉన్నాయి. ఒక చిన్న కిటుకు: పిల్లలు పుట్టకుండా ఆపరేషన్‌కో, పళ్ల శుభ్రానికో కుక్కకు ఎలాగూ మత్తిస్తున్నప్పుడు గోళ్లు కూడా తీసేయమని ముందే అడిగిపెట్టండి. చాలామందికి తట్టదు.

మరి మీ కుక్కకు?

వీధి నుంచి తెచ్చుకున్న దేశీ కుక్క, కాలు ముట్టుకోనివ్వదు: గరుకు పలకతో మొదలుపెట్టండి, పక్కన తాకడం అలవాటు చేస్తూ ఉండండి. కట్టర్ కొనడానికి తొందరేమీ లేదు.

నల్ల గోళ్ల లాబ్రడార్, ఒకసారి నెత్తురు చూసి కట్టర్ అంటే వణుకుతుంది, చప్పుళ్లకు మాత్రం భయం లేదు: గ్రైండర్ నప్పుతుంది. చప్పుళ్లకూ భయమే అయితే అదే కత్తెర కట్టర్‌ను కాకుండా వేరే రంగు, వేరే ఆకారంలోది కొని, వేరే గదిలో, మాకరోనీ దగ్గర్నుంచి మొదలుపెట్టండి.

ఫ్లాట్‌లో ఉండే పగ్, ఇద్దరు పడితే గానీ లొంగదు: రోజుకు ఒక గోరు, ఒక్క మనిషి, ఒడిలో కాకుండా నేల మీద. పగ్‌ను ఛాతీ మీద నొక్కి పట్టడం అసలే ఊపిరాడని ముక్కుకు మంచిది కాదు.

పదేళ్లు దాటిన పామరేనియన్, డ్యూక్లా తిరిగి చర్మంలోకి దిగింది: ఇక్కడ శిక్షణ, ఓపిక, ఆట ఏవీ వద్దు. ఈ రోజే క్లినిక్. విరిగి వేలాడుతున్న గోటికైనా, కుంటుతున్న కుక్కకైనా ఇదే మాట. పుండు మానాక, ఆ పాదాన్ని దూరం నుంచి మళ్లీ కొత్తగా పరిచయం చేసుకుంటూ రావాలి.

ఇంకా భయమే తెలియని రెండు నెలల పిల్ల ఇంట్లో ఉంటే మీరు అదృష్టవంతులు. అన్నం పెట్టే ముందు రోజూ ఒక పంజా పట్టి, ఒక గోటికి కట్టర్ తాకించి, కోయకుండానే ముక్క పెట్టండి. కోత వారానికోసారి, కొన మాత్రమే.